‘పోరంబోకు’ తిట్టెలా అయింది?

మొదటి పోస్టు:
పెద్దలకు నమస్కారం. నాన్నగారి కాగితాలు సర్దుతుంటే పాత అడంగల్ (ఊరి భూముల లెక్క పుస్తకం) నకలు దొరికింది. అందులో మా చేను పక్కనున్న దారికి ఎదురుగా ‘డొంక పోరంబోకు’ అని ఉంది. పోరంబోకు అంటే పనీపాటా లేకుండా తిరిగేవాడని మాత్రమే నాకు తెలుసు. దారికి ఆ పేరేమిటి?

ఇంకో సంగతి. ఆ డొంకలో సగం ఇప్పుడు పక్క రైతు ఫెన్సింగ్ లోపల ఉంది. అడిగితే ‘పోరంబోకే కదా, నీదేమన్నా పోయిందా? పన్నెండేళ్లు దాటింది, ఇక నాదే’ అంటున్నాడు. అర్జీ రాయాలి. ‘కబ్జా’ అనాలా, ‘ఆక్రమణ’ అనాలా?

రెవెన్యూలో పనిచేసి రిటైరైన సభ్యుడి జవాబు:
అమ్మా, ఇది తమిళం నుంచి వచ్చిన మాట. పుఱం అంటే బయట, పోక్కు అంటే పోవడం. శిస్తు లెక్కకు బయట పడిన నేల అని అర్థం. మద్రాసు ప్రెసిడెన్సీ లెక్కల్లో దున్ని శిస్తు కట్టే భూమి ఒక పక్క, చెరువు, వాగు, శ్మశానం, డొంక ఒక పక్క. ఈ రెండో రకానికి శిస్తు లేదు. అంతేగానీ హక్కుదారు లేడని కాదు. శిస్తు రాని నేల అంటే పనికిరాని నేల అనుకుని, ఆ మాటే పనికిరాని మనిషికి తగిలించారని నా ఊహ. నాకైతే ఇది చాలా బాధగా ఉంటుంది. ఊరంతా నడిచే దారి పేరు తిట్టుగా మారాక, ఆ దారిని కాపాడాలన్న ధ్యాస ఎవరికుంటుంది?

1905 నాటి భూ ఆక్రమణల చట్టం రెండో సెక్షన్ చూడండి. సొంత ఆస్తి అని రుజువైనవి తప్ప రోడ్లు, వీధులు, సందులు, దారులు అన్నీ ప్రభుత్వ ఆస్తేనని ఉంటుంది. పన్నెండేళ్ల లెక్క ఇద్దరు రైతుల మధ్య తగాదాకు. ప్రభుత్వ భూమికైనా, పంచాయతీ రోడ్డుకైనా 1963 లిమిటేషన్ చట్టంలో గడువు 30 ఏళ్లు.

తెలంగాణ వైపు సభ్యురాలు:
కబ్జా గురించి ఒక మాట చెప్తానండీ. అరబ్బీలో దానికి పట్టు, పిడికిలి అని అర్థం. మా పహాణీల్లో, అంటే మీ అడంగల్ లాంటి లెక్కల్లో, పట్టాదారు గడి పక్కనే కబ్జాదారు గడి ఉండేది. అక్కడ భూమి ఎవరి అనుభవంలో ఉందో చెప్పడమే, నేరం కాదు. మా నాయన పేరు కూడా ఆ గడిలో ఉంది. అందుకని అర్జీలో ‘అక్రమ ఆక్రమణ’ అని రాస్తేనే స్పష్టం.

రిటైరైన సభ్యుడు:
బాగా చెప్పారమ్మా. ఆ 1905 చట్టంలో ఏడో సెక్షన్ నోటీసు, ఆరో సెక్షన్ తొలగింపు. అర్జీ తహసీల్దారుకు ఇవ్వండి, పంచాయతీ కార్యదర్శికి ఒక నకలు ఇవ్వండి. ముందు ఎఫ్‌ఎంబీ (సర్వే కొలతల పుస్తకం) ప్రకారం కొలిపించమని అడగాలి. కొలత లేకుండా కదిలితే అవతలివాళ్లు అప్పీలులో ఆపేస్తారు. అవతలి మనిషి చేతిలో నిజమైన హక్కు వాదన ఉంటే మాత్రం నోటీసిచ్చి తొలగించే ఈ దగ్గరి పద్ధతి పనికిరాదు, సివిల్ కోర్టుకే వెళ్లాలని ఉస్మానియా విశ్వవిద్యాలయం భూమి కేసులో 1982లో సుప్రీంకోర్టు చెప్పింది.

బండి అసలే కదలకుండా దారి మూసేస్తే ఆర్డీవోకు పెట్టుకోవచ్చు. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో (సీఆర్‌పీసీ) 133వ సెక్షన్, ఇప్పుడు దాని స్థానంలో వచ్చిన నాగరిక్ సురక్షా సంహితలో 152. అదీ కాకపోతే సివిల్ ప్రొసీజర్ కోడ్ 91 కింద ఊళ్లో ఇద్దరు కలిసి కోర్టు అనుమతితో దావా వేయవచ్చు. తమకు విడిగా నష్టం జరిగిందని చూపించనక్కర్లేదు.

మొదటి పోస్టు పెట్టినామె:
ఇలా రాశాను, చూడండి: ‘మా గ్రామంలో ఖాళీగా ఉన్న డొంక పోరంబోకులో తూర్పు వైపు ఆరడుగుల మేర రాళ్లు పాతి తీగ కట్టారు. కొలిపించి, నోటీసు ఇచ్చి, అక్రమ ఆక్రమణ తొలగించవలసిందిగా ప్రార్థన.’

రిటైరైన సభ్యుడు:
సర్వే నంబరు చేర్చండి. ‘ఖాళీగా ఉన్న’ తీసేయండి. అక్కడ ‘రైతులు బండ్లు తోలుకునే’ అని రాయండి.

మొదటి పోస్టు పెట్టినామె:
మార్చానండీ. సోమవారం తీసుకెళ్తున్నాను.