అరవిందన్ ‘స్వతంత్ర’ దర్శకుడేనా?

నాగావళి (శ్రీకాకుళం):
మలయాళ దర్శకుడు జి.అరవిందన్ (1935–1991) తీసిన ‘తంపు’ నిన్న చూశాం. తంపు అంటే మన తంపులు కాదు, సర్కస్ డేరా. సినిమా బాగుంది. కానీ ఈయన్ని స్వతంత్ర దర్శకుడంటేనే నాకు ఎక్కట్లేదు. రబ్బర్ బోర్డులో నెలజీతం. ‘కాంచన సీత’ నుంచి ‘పోక్కువెయిల్’ దాకా ఐదు సినిమాలకి పెట్టుబడి కొల్లం జీడిపప్పు వ్యాపారి రవీంద్రనాథన్ నాయర్‌ది. ఇంక స్వతంత్రం ఎక్కడుందండీ?

పలాస గుంటడు:
జీడిపప్పు మాటొచ్చింది కాబట్టి నాను మాటాడాల. మా నాన్నది చిన్న బట్టీ. టిన్నులో గుండుపప్పుతో నాలుగు ముక్కలు కలిసిపోతే ఆ రాత్రి అన్నం సయించేది కాదు ఆయనకి. అలాంటి వ్యాపారంలో ఉన్న మనిషి 1977లో ‘కాంచన సీత’కి డబ్బు పెట్టాడు. అందులో రాముడు, లక్ష్మణుడు మన ఆంధ్ర అడవుల చెంచులు. సీత అసలు కనపడదు, గాలికి కదిలే ఆకుల్లో ఉంటాది. మా వీధిలో రాముడంటే ఇప్పటికీ ఎన్టీఆరే. ‘సీతేదయ్యా?’ అని అడగని నిర్మాతని ఒక్కణ్ణి చూపించండి.

బొబ్బిలి మాస్టారు:
డబ్బు దగ్గరే ఆగిపోయారు మీరిద్దరూ. అరవిందన్ సినిమాకి ముందు కార్టూనిస్టు. 1961 నుంచి 1973 దాకా మాతృభూమి వారపత్రికలో ‘చిన్న మనుషులూ పెద్ద లోకమూ’ అని అర్థమొచ్చే పేరుతో బొమ్మల కథ వేశాడు. అందులో రాము ఉద్యోగం లేని కుర్రాడు. వారాలు గడిచేకొద్దీ వాడికీ వయసొస్తుంది, డబ్బొస్తుంది, ఆదర్శాలు జారిపోతాయి. వారంవారం నవ్వించి తీరాలన్న పట్టే లేదు. 1974లో తీసిన మొదటి సినిమా ‘ఉత్తరాయణం’లోనూ ఉద్యోగం లేని కుర్రాడే కదా!

నాగావళి:
మాస్టారూ, జీతం చేతిలో ఉంది కాబట్టి ఆ ఓపిక. అది లేని మాలాంటివాళ్ళం పెళ్ళి వీడియోలు తీసుకుంటున్నాం.

పలాస గుంటడు:
‘తంపు’లో సర్కస్ చూస్తున్న ఊరివాళ్ళ ముఖాలు గుర్తున్నాయా? వాళ్ళు నటులు కారు. మొదట లైట్లకి బిగుసుకున్నా, ఆట మొదలయ్యాక కెమెరాని మర్చిపోయారట. అంతసేపూ ఆయన ఆగాడు. మీరు భోజనాల బంతి దగ్గర ఎంతసేపు ఆగుతారండీ?

నాగావళి:
ఆగితే పెళ్ళివారు పేమెంటు ఆపుతారు బావూ.