అంతరించిన తాబేలు స్థానంలో వేరే దీవి తాబేలు: మారిషస్ చేసింది సరైన పనేనా?

పెరటిమొక్క:
మారిషస్ తీరానికి కిలోమీటరు లోపే ఈల్ ఓ జెగ్రెట్ అని ఒక చిన్న దీవి ఉంది. మొత్తం 26 హెక్టార్లు, అంటే సుమారు 64 ఎకరాలు. మారిషస్‌లో తప్ప ప్రపంచంలో మరెక్కడా పుట్టని నల్లచేవ చెట్టు ఒకటి అక్కడ ఉంది. ఎబొనీ అంటారే, ఆ జాతే. మన బీడీ ఆకు తునికి చెట్టుకి దగ్గరి చుట్టం, రెండూ డయోస్పైరోస్ ప్రజాతిలోవే. 1980ల మొదట్లో కూడా ఆ చెట్లను వంటచెరకు కోసం కొట్టారు. కొట్టడం ఆగింది, దీవిని అప్పటికే 1965లో రక్షిత ప్రాంతం చేసి ఉన్నారు, అయినా కొట్టేసిన చోట కొత్త చెట్లు రాలేదు, ఎందుకంటే కాయలు చెట్టు కిందే రాలి అక్కడే కుళ్లిపోయేవి. ఆ పెద్ద కాయలను తిని విత్తనాలను దూరంగా వదిలేవి మారిషస్ పెద్ద తాబేళ్లు. అవి 19వ శతాబ్దం మధ్యకల్లా పూర్తిగా అంతరించాయి.

అందుకని 2000 సంవత్సరంలో సీషెల్స్‌లోని అల్డబ్రా దీవి జాతి తాబేళ్లను తెచ్చి ఇక్కడ వదిలారు. అవి కాయలు తిన్నాయి, దీవంతా తిరిగాయి, ఏళ్లుగా మొలక లేని చోట్ల నల్లచేవ మొలకలు గుంపులు గుంపులుగా లేచాయి. పైగా తాబేలు కడుపులోంచి వచ్చిన విత్తనం మామూలు విత్తనం కన్నా బాగా మొలిచిందని 2011లో పరిశోధకులు ప్రచురించారు.

నా అభిప్రాయం ముందే చెప్తున్నా: ఇది సరైన పని, ఇంకా చాలా చోట్ల చేయాలి. ఒక మొక్కను కుండీలో బతికించి "కాపాడాం" అనుకోవడం నాకు సరిపోదు. దాన్ని తినేది, మోసేది, తొక్కేది కూడా ఉండాలి. కాదనేవాళ్లు ఎందుకు కాదో చెప్పండి.

గోదారిగట్టు:
నేను కాదంటాను. దీవులు నాశనమైందే బయటి జంతువుల వల్ల. మారిషస్ చరిత్రే చూడండి. 1639లో డచ్చివాళ్లు జావా నుంచి జింకలను తెచ్చారు. కోతులు వచ్చాయి, పందులు వచ్చాయి, ఎలుకలు ఓడల్లో వచ్చాయి. ఆ ఎలుకల్ని చంపుతాయని 1900 ప్రాంతంలో ముంగిసల్ని వదిలితే అవి పక్షుల మీద పడ్డాయి. 1960ల్లో ఆఫ్రికా నత్తను చంపడానికి ఫ్లోరిడా వైపు నుంచి ఇంకో నత్తను తెచ్చారు, అది వచ్చిన పని వదిలేసి స్థానిక నత్తలను తిన్నది. ముంగిసకైనా నత్తకైనా అప్పట్లో చెప్పిన కారణం శాస్త్రీయంగానే వినిపించింది, వదలమన్నది కూడా చదువుకున్నవాళ్లే.

ఇంకోటి. అల్డబ్రా తాబేలు మారిషస్ తాబేలుకి దగ్గరి బంధువు కూడా కాదు. రెండు వంశాలూ కోట్ల ఏళ్ల కిందట విడిపోయాయి. చూడటానికి ఒకేలా ఉంది కదా అని తెచ్చి పెడితే దాన్ని పునరుద్ధరణ అని ఎలా అంటాం?

మీరు చెప్పిన కథ లాంటిదే డోడో చెట్టు కథ కూడా. తాంబలకోక్ అనే చెట్టు విత్తనం డోడో పక్షి కడుపులో అరిగితేనే మొలుస్తుందని, డోడో పోయాక 300 ఏళ్లుగా ఒక్కటీ మొలవలేదని, 13 ముసలి చెట్లే మిగిలాయని 1977లో స్టాన్లీ టెంపుల్ అనే అమెరికా శాస్త్రవేత్త రాశాడు. ప్రపంచమంతా నమ్మింది, పాఠ్యపుస్తకాల్లోకి కూడా ఎక్కింది. తర్వాత చూస్తే చెట్లు వందల్లో ఉన్నాయి, 300 ఏళ్ల కన్నా చిన్నవీ ఉన్నాయి, విత్తనం ఏ పక్షీ తినకుండానే మొలుస్తుంది. ఆయన 17 విత్తనాలు టర్కీ కోళ్లతో మింగిస్తే 10 మిగిలాయి, అందులో మూడు మొలిచాయి. మింగించని విత్తనాలను పక్కన పెట్టి పోల్చి చూడనేలేదు. కథ ఎంత బాగుంటే అంత అనుమానంగా చూడాలి.

బోటనీ మాస్టారు:
తాంబలకోక్ విషయంలో గోదారిగట్టు గారితో నాకు పేచీ లేదు. కానీ తాబేలు విషయంలో సాక్ష్యం ఒక్క విత్తనంతో ఆగదు, మొక్కల ఒంటి మీదే ఉంది. దాని గురించి కాస్త ఓపిగ్గా చదవండి.

మారిషస్, రీయూనియన్, రోడ్రిగ్స్ దీవుల్లో చాలా మొక్కలకు రెండు రూపాలుంటాయి. లేత మొక్కగా ఉన్నప్పుడు ఆకులు సన్నగా, పొడుగ్గా, గోధుమరంగులోనో ఎర్ర ఈనెలతోనో ఉంటాయి. ఎండిపోయిందేమో అనిపిస్తుంది. కాస్త ఎత్తు పెరిగాక అదే మొక్కకి వెడల్పాటి పచ్చటి ఆకులు వస్తాయి. తెలియనివాళ్లు రెండు వేరే జాతులు అనుకుంటారు. ఇదంతా దేని కోసం? ఈ దీవులు అగ్నిపర్వతాల నుంచి సముద్రం మధ్యలో లేచినవి, ఏ ఖండానికీ ఎప్పుడూ అతుక్కుని లేవు. మారిషస్ వయసు సుమారు 80 లక్షల ఏళ్లు. గిట్టల జంతువు ఒక్కటి కూడా అక్కడికి ఈదుకుంటూ రాలేదు. నేల మీద తిరిగి ఆకు తినే పెద్ద జంతువు అంటే తాబేలే. దాని మెడ ఎక్కడిదాకా అందుతుందో అక్కడిదాకా ఆకు ఒకలా, అందని ఎత్తులో ఇంకోలా. ఈ రెండు రూపాల ఆకులనూ అల్డబ్రా తాబేళ్ల ముందు పెట్టి చూశారు. అవి లేత రూపం ఆకులను పెద్దగా ముట్టలేదు. అంటే వంశం వేరైనా నోరు అదే పని చేస్తోంది. మొక్కకి కావలసింది తాబేలు జాతకం కాదు కదా, దాని నోరు, కడుపు, మెడ ఎత్తు.

జింకకీ కోతికీ తాబేలుకీ తేడా ఇక్కడే. లక్షల ఏళ్లుగా తాబేలుతో సర్దుకున్న మొక్క, జింక ఎదురైతే ఏం చేయాలో తెలియక చస్తుంది. ముంగిసనీ తాబేలునీ ఒకే గాట కట్టకండి.

రోడ్రిగ్స్ దీవిలో కాఫీ మారోన్ అనే మొక్క కూడా ఇలాగే రెండు రూపాలది. అంతరించిందనుకున్నది 1980లో ఒక బడి పిల్లాడికి దొరికింది, మిగిలింది ఒకే ఒక్క మొక్క. నాటు వైద్యానికి పనికొస్తుందని జనం కొమ్మలు విరుస్తుంటే చుట్టూ కంచె మీద కంచె వేయాల్సి వచ్చింది. 1986లో కొమ్మలు లండన్‌లోని క్యూ గార్డెన్స్‌కి పంపితే ఒకటి వేళ్లూనింది. అది పూస్తూనే ఉంది కానీ ఏళ్ల తరబడి కాయ కాయలేదు. 2000ల మొదట్లో గానీ అక్కడివాళ్లు దానిచేత విత్తనం కట్టించలేకపోయారు. నర్సరీ లేకపోతే ఆ జాతి లేదు, నిజమే. కానీ నర్సరీతోనే సరిపెట్టుకోలేం.

రోజ్‌హిల్ తెలుగు:
నమస్కారం అందరికీ. నేను మారిషస్‌లోనే పుట్టి పెరిగాను. మా ముత్తాతలు చెరకు తోటల్లో పనికి వచ్చినవాళ్లు. నా తెలుగులో తప్పులుంటే సర్దుకోండి.

మీరందరూ ఒక చిన్న దీవి గురించి మాట్లాడుతున్నారు. ఈల్ ఓ జెగ్రెట్‌కి నేనూ వెళ్లాను, గొప్ప పని, గర్వంగా ఉంటుంది. కానీ పెద్ద దీవిలో, అంటే మేము ఉండే చోట, మంచి స్థితిలో ఉన్న సొంత అడవి 2 శాతం కూడా లేదు. మిగతాదంతా చెరకు, ఊళ్లు, రోడ్లు, పరాయి చెట్లు. ఆ రెండు శాతాన్ని తినేస్తున్నది ఏమిటో తెలుసా? చైనా జామ. మేము గోయావ్ ద షీన్ అంటాం. బ్రెజిల్ వైపు మొక్క. అడవిలోకి వెళ్తే కొన్ని చోట్ల మనిషి దూరలేనంత దట్టంగా ఉంటుంది, దాని కింద ఇంకేమీ మొలవదు. పందులు, కోతులు కాయలు తిని ఇంకా దూరం చల్లుతాయి.

అడవిలో కొన్ని చోట్ల కంచె వేసి, లోపలి జామను, మిగతా కలుపును చేత్తో తీశారు. బ్లాక్ రివర్ గార్జెస్ నేషనల్ పార్కులో అలాంటి ప్లాట్లు చాలా ఉన్నాయి. కలుపు తీసిన చోట, పోతాయనుకున్న జాతులు మళ్లీ పూత పట్టాయి, పిల్లలు పెట్టాయి. తాబేలు అక్కర్లేదు, కత్తి, గునపం, కూలి డబ్బు, ఏటేటా మళ్లీ వెళ్లే ఓపిక చాలు. డబ్బు కొంచెమే ఉన్నప్పుడు ముందు దీనికి పెట్టాలని నా వాదన. తాబేలు ఫొటోకి బాగుంటుంది, కలుపు తీసే మనిషిని ఎవరూ ఫొటో తీయరు.

పెరటిమొక్క:
రోజ్‌హిల్ గారూ, మీ తెలుగు చక్కగా ఉంది. కలుపు తీయడం వద్దని నేను అనలేదు. కానీ కలుపు తీసిన తర్వాత ఏం జరుగుతుందో రౌండ్ ఐలాండ్‌లో చూశాం కదా. మారిషస్‌కి ఉత్తరాన ఉన్న చిన్న దీవి, సుమారు 2 చదరపు కిలోమీటర్లు. మేకలు, కుందేళ్లు దాన్ని బోడి చేసేశాయి. మన దగ్గర కూడా తోటల్లో పెంచే బాటిల్ పామ్ సొంతూరు అదే. మన నర్సరీల్లో రాయల్ పామ్‌ని కూడా బాటిల్ పామ్ అని అమ్మేస్తారు, అది వేరే, అసలైనది పొట్టిగా సీసాలా ఉబ్బి ఉంటుంది. ఆ చెట్లు అక్కడ చేతి వేళ్ల మీద లెక్కపెట్టేంతకు పడిపోయాయి. 1970ల చివరికి మేకలను, 1986లో కుందేళ్లను పూర్తిగా తీసేశాక తాటిజాతి చెట్లు మళ్లీ లేచాయి. సంతోషమే. కానీ వాటితో పాటు పరాయి గడ్డి, కలుపు కూడా లేచింది, ఎందుకంటే మేసేవే లేవు. 2007 నుంచి అక్కడా అల్డబ్రా తాబేళ్లను వదిలారు. పరిశీలిస్తే అవి తిన్నదాంట్లో ఎక్కువ భాగం పరాయి మొక్కలే, స్థానిక మొక్కలను చాలావరకు వదిలేశాయి. మాస్టారు చెప్పిన కారణమే.

గోదారిగట్టు గారి ముంగిస పోలికకి నాదొక జవాబు. ముంగిసను ఒకసారి వదిలితే మళ్లీ పట్టలేరు. తాబేలు నడిచే వేగం ఎంత? దాన్ని లెక్కపెట్టొచ్చు, నంబరు రాయొచ్చు, కంచెలో పెట్టి ఏడాది చూడొచ్చు, నచ్చకపోతే ఎత్తుకుపోవచ్చు. అది పెద్దదై గుడ్లు పెట్టడానికే ఏళ్లు పడుతుంది. ఏ పరాయి జంతువునైనా వదలమని నేను అనడం లేదు. వెనక్కి తీసుకోగలిగిన దాన్నే వదలమంటున్నాను.

అల్డబ్రాలో ఇప్పుడు లక్ష వరకు తాబేళ్లు ఉన్నాయి. 1874లో డార్విన్, హుకర్ లాంటి శాస్త్రవేత్తలు వాటిని కాపాడమని మారిషస్ గవర్నర్‌కి అర్జీ పెట్టారు. ఆ మాట విని ఉండకపోతే ఈ రోజు మనకి ఈ చర్చే లేదు.

గోదారిగట్టు:
వెనక్కి తీసుకోవచ్చు అనే మాట ఒప్పుకోదగ్గదే. కానీ తాబేలును ఎత్తుకుపోతారు సరే, అది చల్లిన విత్తనాలను ఎత్తుకుపోగలరా? మా చిన్నాన్న ప్రకాశం జిల్లాలో కాగితం మిల్లుల కోసం సుబాబుల్ వేసేవాడు. పొలం గట్టు దాటి అది ఎలా పాకుతుందో మాకు తెలుసు. అదే సుబాబుల్ ఈల్ ఓ జెగ్రెట్‌లోనూ పెద్ద కలుపే. తాబేలు నల్లచేవ కాయ తిన్నట్టే పరాయి కాయలూ తింటుంది, ఇది మనది అది వాళ్లది అని దానికేం తెలుసు? ఇంకా రోగాల సంగతి. ఒక దీవి నుంచి ఇంకో దీవికి ప్రాణిని తెస్తే దాని పేగుల్లో ఉన్న పురుగులూ, విత్తనాలూ వస్తాయి.

బోటనీ మాస్టారు:
రెండూ నిజమైన భయాలే. అందుకే ముందు విడిగా ఉంచి, కడుపు ఖాళీ అయ్యాకే, రోగ పరీక్షలు చేశాకే వదలాలి. విత్తనాల సంగతికొస్తే, తాబేలు కొన్ని పరాయి విత్తనాలు చల్లుతుంది, కాదనను. అదే తాబేలు మొలకలు కూడా మేస్తుంది. ఏది ఎక్కువ అన్నది ఒక్కో దీవికి ఒక్కోలా ఉంటుంది. అందుకే కలుపు తీసేవాళ్లు ముందు నడవాలి, తాబేలు వెనక రావాలి. ఆ వరసలో మాత్రం నేను రోజ్‌హిల్ గారి పక్షం.

చిత్రావతి:
నాదొక చిన్న ప్రశ్న. పెద్ద దీవి అడవుల్లో కూడా తాబేళ్లను వదిలితే సరిపోదా? ఇంత గొడవెందుకు?

రోజ్‌హిల్ తెలుగు:
చిత్రావతి గారూ, పెద్ద దీవిలో కోతులు, పందులు, ఎలుకలు, ముంగిసలు అన్నీ ఉన్నాయి. గుడ్లనూ పిల్లలనూ బతకనివ్వవు. పైగా విత్తనం మోసే పని తాబేలు ఒక్కదానిదే కాదు. మా దగ్గర పెద్ద గబ్బిలం ఉంది, పండ్లు తినేది, అడవి చెట్ల విత్తనాలను దూరాలకు మోసేది అదే. లిచీ, మామిడి తోటలు పాడు చేస్తోందని 2015లో ప్రభుత్వమే వేల సంఖ్యలో చంపించింది. తోట రైతు బాధ నాకు తెలుసు, మా మేనమామకీ లిచీ చెట్లున్నాయి. అయినా అంతరించిన తాబేలుకి బదులు వెతుక్కుంటూ, కళ్ల ముందు ఎగురుతున్న గబ్బిలాన్ని కాల్చడం నేను ఎప్పటికీ ఒప్పుకోను. చెట్లకు వల కప్పొచ్చు. పనిచేస్తుంది, ఖర్చవుతుంది, అంతే.

పెరటిమొక్క:
గబ్బిలం విషయంలో మీతో నూటికి నూరు పాళ్లు ఏకీభవిస్తాను. ఉన్నదాన్ని నిలుపుకోవడం ఎప్పుడూ చవకే. కానీ పోయిన దాని పని ఎవరు చేస్తారన్న ప్రశ్న మిగిలే ఉంటుంది. గబ్బిలం పైనుంచి విత్తనం వేస్తుంది, నేల మీద గడ్డి మేయదు.

గోదారిగట్టు:
సరే, నా వైపు నుంచి షరతులు చెప్తాను. చుట్టూ నీళ్లున్న చిన్న దీవి కావాలి, ముందు ఎలుకలు పోవాలి, కలుపు తీసి ఉండాలి, కొంత జాగా తాబేలు లేకుండా పోలికకు వదలాలి, పదేళ్ల పాటు లెక్కలు బయటపెట్టాలి. ఇవన్నీ ఉంటే అడ్డుపడను. ఇవి లేకుండా "మరిన్ని చోట్ల చేయాలి" అంటే మాత్రం నా జవాబు వద్దు అనే.

రోజ్‌హిల్ తెలుగు:
షరతులు బాగున్నాయి, అవి చిన్న దీవులకు సరిపోతాయి. నాకు నిద్ర పట్టనివ్వని ప్రశ్న వేరే. ఇక్కడ చైనా జామ పండే రోజుల్లో కుటుంబాలు కుటుంబాలు బుట్టలు పట్టుకుని అడవికి వెళ్తాయి, ఉప్పు కారం అద్దుకుని తింటాయి, రోడ్డు పక్కన అమ్ముకుంటాయి. పిల్లలకి అడవి అంటే అదే. ఆ మొక్కను నరికేస్తామంటే మా ఇంట్లోనే ఒప్పుకోరు, మా అమ్మ అయితే అసలు వినదు. ఊళ్ల దగ్గర కొంత జామ వదిలేసి లోపలి అడవిలో మాత్రం తీయాలా, లేక మొత్తం తీయాలా? తాబేలు గురించి ఇంత మాట్లాడారు కదా, దీని మీద మీ నలుగురూ ఏమంటారో చెప్పండి.