అప్‌డేట్: మునిసిపల్ షాపు ఖాళీ నోటీసు – ఇంజంక్షన్ వచ్చింది, కానీ...

లీజు గడువు ముగిశాక కూడా అద్దె కట్టించుకుంటూ వచ్చిన మునిసిపాలిటీ, ఏడు రోజుల్లో ఖాళీ చేయమని మా షాపు షట్టర్‌కు నోటీసు అంటించింది, ఏం చేయాలని ఇంతకుముందు అడిగాను కదా, దాని సంగతి.

సివిల్ కోర్టు తాత్కాలిక ఇంజంక్షన్ (నిలుపుదల ఉత్తర్వు) ఇచ్చింది. చట్టప్రకారం తప్ప బలవంతంగా ఖాళీ చేయించకూడదు, అంతే. షాపు మీద కొత్త హక్కేమీ రాలేదు.

మమ్మల్ని నిలబెట్టింది రసీదులే. ఆస్తి బదిలీ చట్టం, 1882, సెక్షన్ 116 ప్రకారం గడువు తర్వాత యజమాని అద్దె తీసుకుంటే, వేరే ఒప్పందం లేనప్పుడు, షాపు నెలవారీ లీజు కింద కొనసాగినట్టే. దాన్ని ముగించడానికి సెక్షన్ 106 కింద 15 రోజుల రాతపూర్వక నోటీసు కావాలి. ఆ 15 రోజుల లెక్క నోటీసు అందిన తేదీ నుంచి. పోస్టులోనో చేతికో ఇవ్వడం కుదరనప్పుడే అంటించాలి.

రసీదులో ‘అద్దె’ బదులు ‘నష్టపరిహారం’ (అంటే లీజు లేకుండా ఉన్నందుకు వసూలు) అని ఉంటే ఈ వాదన బలహీనపడుతుంది. ఈమధ్యవన్నీ అలాంటివే! అందుకే లాయర్‌గారు పాతవి ముందు పెట్టారు. మీరూ కౌంటర్ దగ్గరే రసీదులో డబ్బు దేనికని రాశారో చదువుకోండి.

నోటీసులో ఏడు రోజులే ఇచ్చారన్న పాయింటు మీదే ఆధారపడొద్దు. 15 రోజులు దాటాక వాళ్లు దావా వేస్తే, తక్కువ గడువు ఒక్కటే కారణంగా నోటీసు చెల్లకుండా పోదని 106(3) చెబుతోంది. ఇప్పుడు పోస్టులో కొత్త నోటీసు వచ్చింది. కవరు మీది తేదీ ముద్రతో సహా దాచాం. మునిసిపాలిటీ అద్దె తీసుకోకపోతే దాన్ని కోర్టులో జమ చేయడానికి అనుమతి అడుగుతాం.