పిట్ట కోసం కొబ్బరితోట వదులుకోవాలా?

మహేంద్రతనయ: హిందూ మహాసముద్రంలోని సీషెల్స్ దీవుల్లో కజిన్ అనే చిన్న దీవి ఉంది. మొత్తం కలిపి 30 హెక్టార్లు కూడా ఉండదు. ఒకప్పుడు దాన్నంతా కొబ్బరితోటగా మార్చారు. సీషెల్స్ వార్బ్లర్ అనే పాటల పిట్ట బరువు 15 గ్రాములు. 1960ల నాటికి లోకం మొత్తం మీద అది ఆ ఒక్క దీవిలోనే, 30 లోపు మిగిలింది. 1968లో అంతర్జాతీయ పక్షి సంరక్షణ మండలి దీవిని కొని, కొబ్బరిని తగ్గించి, అక్కడి సొంత చెట్లను పెరగనిచ్చింది. 1980ల మొదటికల్లా పిట్టలు 300 దాటాయి. పర్లాకిమిడి దగ్గర మన మహేంద్రతనయ నది ఒడ్డున తిత్లీ తుఫానుకు ఖాళీ అయిన నేలను కూడా అలాగే సొంత చెట్లకు వదిలేయాలని నా కోరిక. మీరేమంటారు?

నారికేళం: మాస్టారూ, కొబ్బరి చెట్టు మీద పిట్ట బతకదని ఎవరు చెప్పారు? మా తోటలో గిజిగాళ్ళు మట్టలకే గూళ్ళు కట్టేవి. 2018 అక్టోబరులో ఒక్క రాత్రిలో 63 చెట్లు పోయాయి. తెల్లవారి వెళ్ళి చూస్తే మొవ్వులు మెలితిరిగి, కాయలు బురదలో కూరుకుపోయి ఉన్నాయి. మా నాన్నగారు ఒక్కొక్క మొదలునూ చేత్తో తడిమి లెక్కపెట్టారు. నష్టం రాసుకోవడానికి వచ్చినవారు 40 అని రాసుకుని వెళ్ళిపోయారు. మాకు 23 చెట్ల లెక్క ఇప్పటికీ తేలలేదు. మీరు పిట్టల లెక్క చెబుతున్నారు.

బరంపురం బాటసారి: 2013లో ఫైలిన్ తుఫాను నాడు మాకూ ఇలాగే తక్కువ రాశారు.

మహేంద్రతనయ: మీ నష్టాన్ని నేను తక్కువ చేయడం లేదు. గిజిగాడు గింజలు తినే పక్షి, దానికి గూడు వేలాడదీయడానికి మట్ట చాలు. ఈ వార్బ్లర్ అలా కాదు. వెడల్పాటి ఆకుల అడుగు భాగాన అంటుకుని ఉండే పురుగులే దాని తిండి. కొబ్బరి ఈనెల మధ్య దానికి ఏం దొరుకుతుంది? మా పెరట్లో కానుగ కొమ్మ మీద దర్జీ పిట్టను చూడండి. తోక నిక్కబొడుచుకుని ఆకు కిందికి మెడ వంచుతుంది, ఒక్క పొడుపు పొడిచి పక్క ఆకుకు దూకుతుంది. అక్కడి పిట్టా పిసోనియా, నోని అనే వెడల్పాటి ఆకుల చెట్ల మీద అలాగే వెతుకుతుంది.

నారికేళం: ఒక్క మాటకు జవాబు చెప్పండి. కొబ్బరిని కొట్టారా, లేక దానంతటది పోయిందా?

మహేంద్రతనయ: కొత్త మొలకలను తీసేస్తూ వచ్చారు. తోట సాగు ఆపేశారు.

నారికేళం: అంటే తీసేశారు. నేను అడిగింది అదే.

గుణుపురం ఆడపడుచు: ఆ పిట్టల గురించి నేనూ చదివాను. గూట్లో సాధారణంగా ఒకే గుడ్డు. పెరిగిన ఆడపిల్లలు తల్లిదండ్రుల దగ్గరే ఉండి చెల్లెళ్ళకూ తమ్ముళ్ళకూ పురుగులు తెచ్చిపెడతాయి. పురుగులు బాగా ఉన్న చోట తల్లి ఎక్కువగా ఆడపిల్లలనే కంటుందని, మగవి 13 శాతమేనని, తిండి కరువైన చోట మగవి 77 శాతమని యాన్ కొమ్డూర్ అనే శాస్త్రవేత్త తేల్చారు. నేను పదకొండేళ్ళు అమ్మకు సేవ చేశాను. పొలం పంచేటప్పుడు మాత్రం అన్నయ్యలకు నేను కనిపించనే లేదు. పిట్టల్లో కూతురి విలువ తల్లికి తెలుసు.

మహేంద్రతనయ: అమ్మా, మీ బాధ నిజమే. కానీ ఆ లెక్కకూ మన ఆస్తి పంపకాలకూ ముడిపెట్టవద్దు. తిండి తక్కువైన చోట కూతురు ఉండిపోతే తల్లికి సాయం కాదు, పోటీ. అందుకే అక్కడ ఎగిరిపోయే కొడుకులను కంటుంది.

గుణుపురం ఆడపడుచు: ఇంటి కరువులోనూ ఉండిపోయింది నేనే మాస్టారూ.

కాశీనగరం: కొబ్బరి పోయాక ఆ పిట్టలు పక్క దీవులకు వాటంతట అవే ఎగిరి వెళ్ళాయా?

మహేంద్రతనయ: లేదు. సముద్రం దాటడానికి అవి ఇష్టపడవు. 1988లో 29 పిట్టలను అరీడ్ దీవికి, 1990లో మరో 29ని కజిన్ పక్కనే ఉన్న కజీన్ అనే వేరే దీవికి పట్టుకెళ్ళి వదిలారు. ఆ తర్వాత 2004లో డెనిస్‌కు, 2011లో ఫ్రెగేట్‌కు. అరీడ్‌లో పురుగులు ఎంత పుష్కలమంటే ఏడాది పొడుగునా గుడ్లు పెట్టాయి. ఒక్క దీవిలోనే ఉంటే తుఫాను లాంటి ఒక్క విపత్తుకు జాతి మొత్తం పోవచ్చు. ఆ భయం మనకంటే ఎవరికి బాగా తెలుసు?

నారికేళం: తుఫాను పేరు ఎత్తకండి. పోయిన నెల గ్రామసభలో మీరు లేచి, నది ఒడ్డున కొబ్బరి వేయవద్దన్నారు. ఆ ఒడ్డున మా తాత వేసిన చెట్లు 18 ఉండేవి. ఈ పిట్ట కథంతా ఆ నేల కోసమేనని నాకు మొదటి నుంచీ అనుమానం.

మహేంద్రతనయ: అవును, ఆ నేల కోసమే. దాచుకోవలసిన పని లేదు. అది ఊరుమ్మడి ఒడ్డు, మీ పట్టా భూమి కాదు. కానుగ, నేరేడు వేళ్ళు పట్టిన చోట ఆనాటి వరదకు గట్టు నిలిచింది. కొబ్బరి ఉన్న చోట కోసుకుపోయింది. నా కళ్ళతో చూశాను.

నారికేళం: గట్టు నిలిచిందని మీరు చూశారు. ఆ 18 చెట్ల కాయలతో మా చెల్లెలి చదువు నడిచిందని మీరు చూడలేదు. సీషెల్స్‌లో దీవిని డబ్బిచ్చి కొన్నారు, మీరే రాశారు. నన్ను ఊరికే వదులుకోమంటున్నారు. పిట్టకు నేను అడ్డం కాదు మాస్టారూ, నా వాటా ఎవరిస్తారో చెప్పండి.

బరంపురం బాటసారి: ఇది సరైన ప్రశ్న.

మహేంద్రతనయ: సరైన ప్రశ్నే. దీవిని కొన్నారన్న మాట నేనే రాసి, మీ విషయంలో దాటవేశాను. ఆ 18 చెట్లకు పరిహారం ముందు తేలాలని సభలో నేనే అడుగుతాను. ఒడ్డు మీద కొబ్బరి వేయడానికి మాత్రం ఒప్పుకోను.

నారికేళం: ముందు 23 చెట్ల లెక్క తేల్చండి. తర్వాత 18 గురించి మాట్లాడదాం.