దింపు తీస్తూ పడ్డారు, కార్డులో పేరు లేదు

ప్రశ్న (మలికిపురం దగ్గర నుంచి):
మా నాన్నగారికి 61 ఏళ్ళండి. నిన్న పొద్దున కొబ్బరి దింపు తీస్తూ చెట్టు మీంచి జారిపడ్డారు. తుంటి ఎముక విరిగింది. దగ్గర్లో ఒక ప్రైవేటు ఆసుపత్రికి తీసుకెళ్తే ఎక్స్‌రే తీసి, ఆపరేషన్‌కి ముందు 40 వేలు కట్టమన్నారు. ఇన్సూరెన్సు లేదు. నా పెళ్ళయ్యాక రేషన్ కార్డు విడగొట్టుకున్నాం. అప్పుడు నాన్న పేరు ఏ కార్డులోనూ ఎక్కలేదని ఇవాళే తెలిసింది. వడ్డీకి తెచ్చేద్దామా అని టెన్షన్‌గా ఉంది.

జవాబు (అంబాజీపేట):
వడ్డీ జోలికి పోవద్దు తమ్ముడూ. మూడేళ్ళ కిందట మా అత్తగారికీ ఇదే తుంటి. నూటికి మూడు రూపాయల వడ్డీకి తెచ్చాం. కొబ్బరి రేటు పడిపోయింది, అసలు ఇంకా అలాగే ఉంది.

108కి చేసి కాకినాడ పెద్దాసుపత్రికి తీసుకెళ్ళండి. కార్డు లేకపోయినా ప్రభుత్వాసుపత్రిలో చూస్తారు. ఆటోలో మాత్రం వద్దు, ఆ గతుకులకి విరిగిన ఎముక కదిలిపోతుంది. మొదట తీసిన ఎక్స్‌రే ఫిల్ము అడిగి తీసుకోండి, మీరు డబ్బు కట్టిందే కదా. ఆధార్ జిరాక్సులు పది. చాప, దుప్పటి, చెంబు కూడా. పక్కన ఉండేవాళ్ళకి మంచం దొరకదు, నేను వరండాలోనే పడుకున్నాను.

జవాబు (రాజోలు):
అమ్మని వెంటనే గ్రామ సచివాలయానికి పంపండి, నాన్నగారి పేరు కార్డులో చేర్చమని అర్జీ పెట్టమనండి. 2007లో మొదలైన ఆరోగ్యశ్రీయే ఇప్పుడు ఎన్టీఆర్ వైద్యసేవ. ఆ పథకంలో ఉన్న ప్రతి ఆసుపత్రిలో రోగులకి సాయం చేసే ఆరోగ్యమిత్ర కూర్చుంటారు. డబ్బు కట్టకముందే వాళ్ళ దగ్గరికి వెళ్ళాలి. కట్టేశాక అడిగితే పని కష్టం. ఏ ఆసుపత్రి ఉందో 104కి చేస్తే చెబుతారు.

జవాబు (నరసాపురం):
అప్పటికీ ప్రైవేటులో కట్టక తప్పకపోతే ఒరిజినల్ బిల్లులు పారేయకండి. ముఖ్యమంత్రి సహాయనిధికి ఎమ్మెల్యే ఆఫీసు ద్వారా పెట్టుకోవచ్చు. అందరికీ వస్తుందని చెప్పను. తర్వాత వాడే మందులు జనఔషధి షాపులో అడగండి, అదే మందు బాగా తక్కువకి వస్తుంది.

ప్రశ్న అడిగినవారు:
108 ఎక్కించామండి. ఇప్పుడే ఎదుర్లంక వంతెన దాటాం. ఫిల్ము నా ఒళ్ళోనే ఉంది. నాన్న మాత్రం కాయల లెక్క ఎవరు చూస్తారని అడుగుతున్నారు.