ఆటవాళ్ళ ఇంట్లో విలేకరికి సన్మానమా? ఎల్మర్ ఫెర్గూసన్ అవార్డు మీద ఒక ప్రశ్న

శ్రీధర్_టొరంటో
మొన్న ఆదివారం హైదరాబాద్ నుంచి వచ్చిన మా బాబాయి వాళ్ళని డౌన్‌టౌన్‌లో హాకీ హాల్ ఆఫ్ ఫేమ్‌కి, అంటే ఐస్ హాకీ గొప్పవాళ్ళని గౌరవించే మ్యూజియంకి తీసుకెళ్ళాను. యంగ్, ఫ్రంట్ వీధుల మూల మీద పాత బ్యాంక్ ఆఫ్ మాంట్రియల్ భవనం, పైన రంగు అద్దాల గుమ్మటం, కింద స్టాన్లీ కప్పు (ఎన్‌హెచ్‌ఎల్, అంటే నేషనల్ హాకీ లీగ్ విజేతకి ఇచ్చేది), దాని పక్కన ఫోటో కోసం పెద్ద లైను. బాబాయికి ఐస్ హాకీ గురించి ఏమీ తెలియదు, కానీ పొద్దున్నే పేపర్ చదవందే కాఫీ ముట్టని మనిషి. "ఆడినవాళ్ళకి సరే, దీని గురించి రాసినవాళ్ళకి ఏమన్నా ఇస్తారా?" అని అడిగారు.

ఇస్తారు. పత్రికల్లో హాకీ రాసే విలేకరుల కోసం 1984 నుంచి ఎల్మర్ ఫెర్గూసన్ మెమోరియల్ అవార్డు ఉంది. ఎవరికివ్వాలో తేల్చేది విలేకరుల సంఘం, అంటే ప్రొఫెషనల్ హాకీ రైటర్స్ అసోసియేషన్. ఇచ్చేది మాత్రం హాల్ ఆఫ్ ఫేమ్, నవంబర్‌లో ఆటగాళ్ళని చేర్చుకునే వేడుకలప్పుడే. ఆటగాళ్ళలా సభ్యత్వం రాదు, గౌరవం మాత్రమే.

అంతా విని బాబాయి, "మరి వాళ్ళ గురించి రాసేవాడు వాళ్ళింటికే వెళ్ళి శాలువా కప్పించుకుంటే ఎలారా?" అన్నారు. నాకైతే ఇందులో తప్పేం కనిపించలేదు కానీ, ఆ మాట రెండు రోజులుగా వదలట్లేదు. మీరేమంటారు?

పాత_సబ్‌ఎడిటర్
మీ బాబాయి గారే కరెక్ట్ శ్రీధర్ గారూ. ఊరికే అనట్లేదు, ఇది నాకు జరిగింది కాబట్టి చెప్తున్నా. ఇండియాలో పదకొండేళ్ళు పేపర్లో చేశాను, మొదట కంట్రిబ్యూటర్‌గా, తర్వాత డెస్క్‌లో. ఒకసారి ఒక జిల్లా క్రీడా సంఘం వాళ్ళు వార్షికోత్సవానికి పిలిచి స్టేజీ మీద కూర్చోబెట్టి, శాలువా కప్పి, చేతిలో ఒక గాజు జ్ఞాపిక పెట్టారు. మంచివాళ్ళే, ఏమీ అడగలేదు.

నెలన్నర తర్వాత ఒక తండ్రి ఆఫీసుకి వచ్చాడు. చేతిలో నాలుగు మడతలు పెట్టిన సెలక్షన్ లిస్టు జిరాక్స్. గెలిచిన మ్యాచ్‌లో ఆడిన వాళ్ళమ్మాయి పేరు అందులో లేదు, అసలు ఆ మ్యాచ్‌కే రాని పిల్ల పేరుంది. వార్త రాశాను. ఎలా రాశానంటే, "ఆరోపణలు వినిపిస్తున్నాయి" అని మొదలుపెట్టి, కార్యదర్శి వివరణ పైన పెట్టి, ఆ తండ్రి మాట చివర్లో రెండు లైన్లు, మొత్తం కలిపి సింగిల్ కాలమ్. నాకెవరూ ఫోన్ చేయలేదు, ఎవరూ బెదిరించలేదు. నా చెయ్యే దానంతటది మెత్తబడింది. మర్నాడు పేపర్లో చూసుకున్నప్పుడు గానీ అది నాకు తెలియలేదు.

ఎడ్మంటన్_వాసు
అన్నా, మీ అనుభవాన్ని కాదనను. కానీ ఇక్కడ పరిస్థితి వేరు. మా ఎడ్మంటన్ జర్నల్ పేపర్ విలేకరి జిమ్ మాథెసన్‌నే తీసుకోండి. మా ఊరి ఆయిలర్స్ జట్టు ఇంకా ఎన్‌హెచ్‌ఎల్‌లోకి రాకముందు, 1970లలో వేరే లీగ్‌లో ఆడుతున్నప్పటి నుంచీ వాళ్ళ గురించి రాస్తున్న మనిషి. ఈ అవార్డు ఆయనకి 2000లో వచ్చింది. 2022 జనవరిలో జట్టు వరసగా ఓడిపోతున్నప్పుడు ప్రెస్ మీట్‌లో లియాన్ డ్రైసైటిల్‌ని, ఓటములకి ముఖ్య కారణం ఏంటని అడిగాడు. అన్నీ మెరుగుపడాలి అన్నాడు అతను. ఇంకాస్త వివరంగా చెప్తారా అంటే చెప్పనన్నాడు. ఎందుకంత చిరాకు అని ఈయన మొహం మీదే అడిగేశాడు. డ్రైసైటిల్ అంటే 2020లో హార్ట్ ట్రోఫీ, అంటే జట్టుకి అత్యంత విలువైన ఆటగాడికిచ్చే ట్రోఫీ గెలిచినవాడు, జట్టులో అంత పెద్ద స్టార్. అవార్డు తీసుకున్న ఇరవై రెండేళ్ళకి కూడా ఆ పెద్దాయన నోరు మూతపడలేదు కదా. ఆయన మర్యాద తప్పాడని ఇక్కడ చాలామంది తిట్టారు, నాకైతే నచ్చింది.

పాత_సబ్‌ఎడిటర్
వాసూ, ఓడిన జట్టుని ఎందుకు ఓడారని అడగడం ఎవరైనా చేస్తారు. డబ్బు గురించి, లోపల జరిగేవాటి గురించి అడగడంలో తెలుస్తుంది అసలు సంగతి.

సుజాత_క్యాల్గరీ
డబ్బు గురించి అన్నారు కాబట్టి రస్ కాన్వే పేరు ఎత్తక తప్పదు, ఈ చర్చలో ఇంతవరకూ ఎవరూ ఎత్తకపోవడమే ఆశ్చర్యం.

మసాచుసెట్స్‌లో లారెన్స్ అని ఒక మిల్లుల ఊరు, అక్కడి ఈగిల్-ట్రిబ్యూన్ అనే చిన్న పేపర్‌కి ఈయన స్పోర్ట్స్ ఎడిటర్. బోస్టన్ బ్రూయిన్స్ మ్యాచ్‌లు రాసేవాడు. అలాన్ ఈగిల్‌సన్ ఏమో అప్పటి హాకీలో తిరుగులేని మనిషి. 1967 నుంచి దాదాపు పాతికేళ్ళు ఆటగాళ్ళ యూనియన్ ఆయన చేతిలోనే ఉంది, బ్రూయిన్స్ స్టార్ ఆటగాడు బాబీ ఆర్‌కి ఏజెంటు కూడా ఆయనే, అంతర్జాతీయ టోర్నమెంట్లు నడిపిందీ ఆయనే. 1989లో హాల్ ఆఫ్ ఫేమ్ ఆయన్ని 'బిల్డర్' విభాగంలో, అంటే ఆడకుండా ఆటని పెంచినవాళ్ళ జాబితాలో చేర్చుకుంది. దెబ్బలు తిని రిటైరైన ఆటగాళ్ళకి రావాల్సిన ఇన్సూరెన్స్ డబ్బులో కోత, టోర్నమెంట్ల ఆదాయం ఎటు పోయిందో లెక్క లేకపోవడం, ఇవన్నీ కాన్వే పాత ఆటగాళ్ళ దగ్గరికి వెళ్ళి, ఒక్కొక్క కాగితం పోగేసి 1991 నుంచి సీరియల్‌గా రాశాడు. 1992లో అమెరికా పత్రికల పెద్ద బహుమతి పులిట్జర్‌కి ఫైనలిస్ట్ అయ్యాడు. 1998 జనవరిలో ఈగిల్‌సన్ బోస్టన్ కోర్టులో నేరం ఒప్పుకున్నాడు, తర్వాత టొరంటో కోర్టు 18 నెలల శిక్ష వేసింది. ఆయన్ని ఉంచితే మేం తప్పుకుంటామని బాబీ ఆర్‌తో సహా పలువురు మాజీలు పట్టుబట్టడంతో ఆ మార్చిలో హాల్ ఆఫ్ ఫేమ్‌కి రాజీనామా చేశాడు.

1999లో ఫెర్గూసన్ అవార్డు కాన్వేకి ఇచ్చారు. ఈగిల్‌సన్‌ని గౌరవించిన ఇంట్లోనే, ఆయన బండారం బయటపెట్టిన మనిషికి గౌరవం. నాకు ఒళ్ళు పులకరించింది అది చదివినప్పుడు. అలాంటి అవార్డుని తీసుకోవద్దని కాన్వేకి ఎలా చెప్పగలం?

పాత_సబ్‌ఎడిటర్
సుజాత గారూ, కాన్వేకి చేతులెత్తి దండం పెడతాను. కానీ తేదీలు చూడండి. పులిట్జర్ వాళ్ళు 1992లోనే ఆ పని విలువ గుర్తించారు, అంటే ఈగిల్‌సన్ ఇంకా హాల్ గోడ మీద ఉండగానే. హాకీ ఇంట్లో సన్మానం జరిగింది ఆయన వెళ్ళిపోయిన మరుసటి ఏడాది. 1993లో ఇచ్చి ఉంటే నేను ఇప్పుడే నా వాదన మానేసేవాణ్ణి.

సుజాత_క్యాల్గరీ
ఆ మాట ఒప్పుకుంటాను. కాకపోతే ఇది ఒక్క వార్తకి ఇచ్చేది కాదు, మొత్తం జీవితకాలం పనికి ఇచ్చేది, అందుకే సాధారణంగా ఆలస్యంగానే వస్తుంది. లాస్ ఏంజెలెస్ టైమ్స్ హెలీన్ ఎలియట్ తీసుకున్నది 2005లో, ఈ అవార్డు అందుకున్న మొదటి మహిళ ఆవిడే. అది పుట్టి అప్పటికే 21 ఏళ్ళు. ఆడవాళ్ళకి డ్రెస్సింగ్ రూమ్ తలుపు తీయడానికే కొట్లాడాల్సి వచ్చిన వృత్తి ఇది. అలాంటప్పుడు ఆవిడ ఆ స్టేజీ మీద నిలబడటం వెనకాల వచ్చే అమ్మాయిలకి ఎంతో ధైర్యం. నైతికత పేరుతో దాన్ని వదులుకోమంటే నాకు మనసొప్పదు.

రవి_మాంట్రియల్
అందరూ అవార్డు ఎవరి పేరు మీద ఉందో మర్చిపోతున్నారు. 1917 నవంబర్ 26న ఇక్కడ విండ్సర్ హోటల్లో జట్ల యజమానులు కూర్చుని ఎన్‌హెచ్‌ఎల్ పెట్టారు. మాంట్రియల్ హెరాల్డ్ విలేకరి ఎల్మర్ ఫెర్గూసన్ గది బయట కాచుకుని ఉన్నాడు. మీటింగ్ అయ్యాక బయటికొచ్చి సంగతి చెప్పింది ఫ్రాంక్ కాల్డర్, లీగ్‌కి మొదటి ప్రెసిడెంట్. ఆ కాల్డర్ అంతకుముందు క్రీడా విలేకరే, ఇద్దరూ హెరాల్డ్‌లో కలిసి పనిచేసినవాళ్ళే! పాత స్నేహితుడు తలుపు దగ్గర ఉన్నాడు కాబట్టే చెప్పాడు. ఆ పరిచయం లేకుండా రోజూ ఒకే ఆటనో జట్టునో అంటిపెట్టుకుని రాసే బీట్ విలేకరి ఏం రాస్తాడు, ప్రెస్ నోట్ దించుకోవడం తప్ప? పరిచయాలే తప్పంటే వృత్తే తప్పనాలి.

నాకు అభ్యంతరం ఉన్నది ఇంకో చోట. హార్ట్, నోరిస్ (ఉత్తమ డిఫెన్స్ ఆటగాడికి), కాల్డర్ (ఉత్తమ కొత్త ఆటగాడికి) ట్రోఫీలు ఎవరికివ్వాలో ఓటేసేది ఈ విలేకరుల సంఘమే. కొందరు ఆటగాళ్ళ కాంట్రాక్టుల్లో ఆ ట్రోఫీలకి బోనస్ ఉంటుంది. అంటే రాసేవాడి ఓటుతో ఆడేవాడి జేబు నిండుతుంది. న్యూయార్క్ టైమ్స్ తన వాళ్ళని అలాంటి ఓట్లు వేయనివ్వదు. నవంబర్ సన్మానం కంటే ఇది వెయ్యి రెట్లు పెద్ద చిక్కు.

శ్రీధర్_టొరంటో
రవి గారూ, ట్రోఫీల ఓటు సంగతి నాకు తట్టనే లేదు. దాని మీద విడిగా ఒక థ్రెడ్ పెట్టండి, తప్పక వస్తాను.

నా మాట కొంచెం మార్చుకుంటున్నా. అవార్డు ఉండాలి, ఎంచుకునేది విలేకరులే కావాలి, అందులో నాకు సందేహం లేదు. కానీ హాల్ ఆఫ్ ఫేమ్ వేడుకల్లో భాగంగా ఎందుకివ్వాలి? అదే నవంబర్‌లో సంఘం వాళ్ళు సొంతంగా ఒక చిన్న హాల్ తీసుకుని ఇచ్చుకోలేరా? ఒక పేపర్ ఆఫీసులో పెట్టుకున్నా చాలు. కాన్వేకి వాళ్ళ పేపర్ ప్రింటింగ్ ప్రెస్ పక్కన ఇచ్చి ఉంటే ఎంత బాగుండేది!

సబ్‌ఎడిటర్ గారూ, అడగొచ్చో లేదో. ఆ అమ్మాయి సంగతి తర్వాత ఏమైంది?

పాత_సబ్‌ఎడిటర్
అడగొచ్చు. ఆ ఏడాది లిస్టు మారలేదు. మరుసటి ఏడాది ఇంకో పేపర్ వాడు అదే విషయాన్ని రెండో పేజీ బ్యానర్‌గా రాశాడు, అప్పుడు సెలక్షన్లు మళ్ళీ పెట్టారు. అమ్మాయికి అప్పటికే వయసు దాటింది. జ్ఞాపిక ఊళ్ళో మా అమ్మ షోకేస్‌లో ఉంది. వెళ్ళిన ప్రతిసారీ అమ్మ దాన్ని తుడిచి ముందుకి జరుపుతుంది, నేను వెనక్కి జరిపేసి వస్తాను.