డార్కెస్ట్ డంజియన్ వీడియో గేమ్‌లో శవాలు ఆన్‌లో ఉంచాలా, ఆఫ్ చేయాలా?

నిశాచరుడు:
2015లో, ఆట ఇంకా ఎర్లీ యాక్సెస్‌లో (పూర్తికాకముందే అమ్మే దశలో) ఉన్నప్పుడు, దాన్ని తయారుచేసిన రెడ్ హుక్ వాళ్లు శవాల్ని తెచ్చారు. అప్పటిదాకా ముందున్న శత్రువు చస్తే వెనకున్నవాడు ముందుకు జరిగి కత్తికి అందేవాడు. ఇప్పుడు శవం ఆ చోటు వదలదు. వెనక నిలబడి మనవాళ్లకి స్ట్రెస్ ఎక్కించేవాడు హాయిగా ఉంటాడు. ఆటగాళ్లు గొడవ చేశాక, ఆప్షన్స్‌లో తీసేసుకునే వీలిచ్చారు. తీసేయడమే మేలు. కష్టం వేరు, విసిగించడం వేరు.

గోదారిగట్టు:
అస్సలు ఒప్పుకోను బ్రదర్. నాలుగు స్థానాల్లో ఎవర్ని ఎక్కడ నిలబెట్టాలన్నదే ఈ ఆటకి ప్రాణం. మన హీరోల్లో ప్లేగ్ డాక్టర్ శత్రువుల వెనక రెండు స్థానాల మీదా ఒకేసారి విషం విసురుతుంది. బౌంటీ హంటర్ వెనకున్నవాణ్ణి ముందుకి లాగుతాడు. క్రిటికల్ దెబ్బతో (అప్పుడప్పుడు అదృష్టం కొద్దీ పడే గట్టి దెబ్బతో) శత్రువు చస్తే అసలు శవమే మిగలదు. శవాలు తీసేస్తే ముందువరసని నరుక్కుంటూ పోవడమే, ఇంత మంది హీరోలెందుకు?

చీకటిదివిటీ:
శవాలకి విరుగుడు ఉంది, సరే. అదృష్టానికి ఏది? స్ట్రెస్ 100కి చేరితే హీరో మనసుకి పరీక్ష. నిలబడేవాళ్లు తక్కువ, ఎక్కువమంది కుంగిపోతారు. కుంగినవాడు ఒక్కోసారి వైద్యం కూడా వద్దంటాడు, పక్కవాళ్లకీ టెన్షన్ అంటిస్తాడు. 200కి వెళ్తే గుండెపోటు. పాత సేవ్‌కి వెళ్దామంటే ఆట ఎప్పటికప్పుడు తనే సేవ్ చేసేస్తుంది.

గోదారిగట్టు:
100 దాకా ఎందుకు రానిచ్చారన్నదే నా ప్రశ్న. వెలుతురు తగ్గితే స్ట్రెస్ పెరుగుతుంది, దొరికే సొత్తు కూడా పెరుగుతుంది. ఆ ఆశకి దివిటీ వెలిగించకుండా నడిచేది మనమే. మిషన్ మధ్యలో వదిలేసి రావచ్చు. స్ట్రెస్ పడుతుంది, ప్రాణాలు దక్కుతాయి. ఒక గది మిగిలిందని మొండిగా వెళ్లి చంపుకున్నవాళ్లే ఎక్కువ. పాచికని తిట్టేముందు అది చూడాలి.

అయితే ఒక్కచోట మాత్రం ఆటదే తప్పంటాను. అన్నిటికంటే పైదైన లెవెల్ 6 హీరోలు నలుగురూ పోతే స్టేజ్‌కోచ్ అనే గుర్రబ్బండిలో కొత్తవాళ్లు ఉచితంగానే వస్తారు, కానీ వాళ్లని మళ్లీ పెంచడానికి గంటలకి గంటలు కావాలి. మిగిలిన పెద్ద హీరోలేమో చిన్న మిషన్లకి రామంటారు. పోరులో ఓడినందుకు శిక్ష పడాలి గానీ, చేసిన పనే మళ్లీ చేయించడం శిక్ష కాదు, కాలయాపన. తర్వాత తెచ్చిన రేడియంట్ అనే తేలిక మోడ్ ఆ భారాన్ని తగ్గించింది. నిశాచరుడు గారూ, రేడియంట్ పెట్టుకుని శవాలు ఆన్‌లోనే ఉంచి ఆడండి. వెనక వరసకి ప్లేగ్ డాక్టర్ని తీసుకెళ్లండి.

నిశాచరుడు:
రేడియంట్‌కి మారతాను. శవాలు మాత్రం ఇంకా ఆఫ్‌లోనే.